డోనవాన్ తెర మీద: ఆ హోటల్ గది సీన్ ఒక్కటేనా, ఇంకా చూడాల్సింది ఉందా?

రేడియోరమణ (విశాఖ) | పోస్ట్ 1

అందరికీ నమస్కారం. డోనవాన్ గురించి ఇక్కడ ఎప్పుడు మాట వచ్చినా చర్చ ఒకే చోట ఆగిపోతోంది. 1965లో లండన్ సవాయ్ హోటల్ గదిలో అమెరికా గాయకుడు బాబ్ డిలన్ ఎదురుగా కూర్చుని పాట పాడిన ఆ కుర్రాడి దగ్గర. డి.ఎ. పెన్నెబేకర్ తీసిన డాక్యుమెంటరీ 'డోంట్ లుక్ బ్యాక్' చూసినవాళ్లు "పాపం, డిలన్ ముందు తేలిపోయాడు" అని ఒక్క ముక్క అనేసి వెళ్లిపోతారు. ఇది నాకు అన్యాయంగా కనిపిస్తుంది. అరవై ఏళ్లుగా పాడుతున్న మనిషిని ఒక గదిలో ఒక రాత్రి పాడిన ఒక పాటతో కొలిచేస్తున్నాం.

తెలియనివాళ్ల కోసం రెండు మాటలు. డోనవాన్ 1946 మే 10న స్కాట్లండ్‌లోని గ్లాస్గోలో పుట్టాడు. తర్వాత కుటుంబం ఇంగ్లండ్‌లోని హాట్‌ఫీల్డ్‌కి వచ్చింది. గిటారు భుజానికి తగిలించుకుని ఊళ్లు తిరుగుతూ జానపద పాటలు నేర్చుకున్నాడు. 1965 మార్చిలో 'క్యాచ్ ద విండ్' వచ్చింది. మరుసటి ఏడాది 'సన్‌షైన్ సూపర్‌మ్యాన్' అమెరికాలో మొదటి స్థానానికి వెళ్లింది.

అతని మొదటి రికార్డు రాకముందే జనం అతన్ని చూశారు. 1965 మొదట్లో 'రెడీ స్టెడీ గో!' అనే శుక్రవారం సాయంత్రం టీవీ కార్యక్రమంలో వరసగా కొన్ని వారాలు పాడించారు. డెనిమ్ టోపీ, మౌతార్గాన్, గిటారు మీద అమెరికా జానపద గాయకుడు వుడీ గత్రీని తలచుకుంటూ రాసుకున్న అక్షరాలు. అంటే ఇతని కెరీర్ రేడియోలోనో రికార్డులోనో మొదలవలేదు, తెర మీద మొదలైంది. అందుకే తెర మీద అతను కనిపించిన సందర్భాలు అన్నీ ఒక చోట చేరుద్దాం అనుకుంటున్నాను. పేర్లు, ఏళ్లు మాత్రమే వద్దు. ఏ కెమెరా అతన్ని సరిగ్గా పట్టుకుంది, ఏది పట్టుకోలేదు అన్నది రాయండి.

ఫిల్మ్‌డబ్బా (హైదరాబాద్) | పోస్ట్ 2

రమణ గారూ, మంచి పని మొదలుపెట్టారు. నేను ఎడిటింగ్‌లో పని చేస్తాను కాబట్టి 'డోంట్ లుక్ బ్యాక్' గురించి ముందు నేను మాట్లాడతాను. పెన్నెబేకర్ మీద మీకున్న కోపంతో నేను పూర్తిగా ఏకీభవించను, కానీ మీరు ఎక్కడ నొచ్చుకుంటున్నారో అర్థమైంది.

అది 16 ఎం.ఎం. బ్లాక్ అండ్ వైట్, చేతిలో పట్టుకుని తీసిన కెమెరా, అప్పటికప్పుడే పట్టుకున్న శబ్దం. వ్యాఖ్యానం లేదు, ఇంటర్వ్యూ పెట్టి అడిగిన ప్రశ్నలు లేవు. 1965 వసంతంలో డిలన్ ఇంగ్లండ్ టూర్ చేస్తుంటే వెంట తిరిగి తీశారు, 1967లో విడుదలైంది. చూసేవాళ్లకి "ఇదంతా జరిగింది జరిగినట్టే" అనిపిస్తుంది. కానీ కథ మొత్తం ఎడిటింగ్ టేబుల్ మీద తయారైంది.

డోనవాన్ విషయంలో ఏం చేశారో గమనించండి. సినిమా మొదటి నుంచీ అతని పేరు వినిపిస్తూనే ఉంటుంది. పేపర్లో అతని గురించి చదువుతారు, ఎవరీ డోనవాన్ అని డిలన్ అడుగుతాడు, పక్కవాళ్లు నవ్వుతారు. మనిషి కనపడడు. మన సినిమాల్లో విలన్‌ని ఇంటర్వెల్ దాకా చూపించకుండా పేరు మాత్రం పదిమందితో చెప్పిస్తారు చూడండి, అలాగే. ఇలా పెంచి పెంచి చివరికి గదిలోకి తీసుకొచ్చేసరికి మనం పోటీ చూడటానికి సిద్ధంగా కూర్చుని ఉంటాం. అతను మాత్రం పాట పాడటానికి వచ్చాడు.

ఇంకొకటి. ఆ సీన్‌కి ముందు గదిలో ఎవరో గాజు గ్లాసు వీధిలోకి విసిరారని పెద్ద గొడవ జరుగుతుంది. డిలన్ కోపంతో ఊగిపోతూ ఉంటాడు. ఆ వేడి చల్లారకముందే డోనవాన్ గిటారు అందుకుని 'టు సింగ్ ఫర్ యు' పాడతాడు. ప్రేక్షకుడి మనసులో ఇంకా ఆ అరుపులే ఉంటాయి. అలాంటి చోట ఏ మెత్తటి పాట అయినా పలచగానే వినిపిస్తుంది. ఈ క్రమం మార్చి, డోనవాన్ పాటని ఇంకో ప్రశాంతమైన సీన్ పక్కన పెట్టి ఉంటే మనం ఈ రోజు ఈ చర్చ వేరేలా చేసేవాళ్లం.

ఓరుగల్లు_పాట (వరంగల్) | పోస్ట్ 3

అన్నా, నాదో సందేహం. డిలన్ ఆ పాట మధ్యలోనే బాగుందని అన్నాడు కదా. మరి అవమానం ఎక్కడ జరిగింది? తర్వాత డోనవానే కదా డిలన్‌ని 'ఇట్స్ ఆల్ ఓవర్ నౌ, బేబీ బ్లూ' పాడమని అడిగింది. అడిగించుకుని పాడినవాడు గెలిచినట్టు, అడిగినవాడు ఓడినట్టు మనం ఎందుకు చూస్తున్నాం? ఊళ్లో ఇద్దరు పాటగాళ్లు ఒక అరుగు మీద కలిస్తే ఒకరు పాడతారు, ఇంకొకరిని పాడమంటారు. నాకు ఆ సీన్ అట్లనే కనిపించింది.

అదే గదిలో ఇంకో మనిషి ఉంటాడు, డెరల్ ఆడమ్స్. అమెరికా నుంచి యూరప్ వచ్చి స్థిరపడిన బాంజో వాయిద్యకారుడు. డోనవాన్‌కి గురువు లాంటివాడు. తర్వాత డోనవాన్ అతని మీద ఒక పాటే రాసుకున్నాడు. పాటగాళ్ల లోకంలో డోనవాన్ ఒంటరిగా, దిక్కు లేకుండా వచ్చినవాడు కాదు అనడానికి అదొక ఆనవాలు.

రేడియోరమణ | పోస్ట్ 4

ఓరుగల్లు గారూ, అరుగు మాట చాలా బాగుంది. నిజంగా అదే జరిగింది. వయసు కూడా చూడాలి. అప్పటికి డోనవాన్‌కి 19 ఏళ్లు నిండీ నిండని వయసు. డిలన్‌కి 24 నిండబోతున్నాయి, చేతిలో అయిదు ఆల్బమ్‌లు ఉన్నాయి. ఆ వయసులో అయిదేళ్ల తేడా అంటే ఒక తరం తేడా లాంటిదే. డోనవాన్ 'టు సింగ్ ఫర్ యు' ఏ బెరుకూ లేకుండా, ఎదురుగా కూర్చున్నది ఎవరో తెలిసే పాడాడు. గొంతులో వణుకు లేదు. నాకు అక్కడ కనిపించేది ధైర్యం.

పైగా అదే సినిమా మొదట్లో డిలన్ అట్టముక్కల మీద పదాలు చూపిస్తూ ఒక్కొక్కటే పారేసే 'సబ్‌టెరేనియన్ హోమ్‌సిక్ బ్లూస్' ఉంది కదా. ప్రపంచమంతా అనుకరించిన సీన్. ఆ అట్టల మీద అక్షరాలు రాసిన చేతుల్లో డోనవాన్ చెయ్యి కూడా ఉంది. కవి అలెన్ గిన్స్‌బర్గ్, డిలన్ స్నేహితుడు బాబ్ న్యూవర్త్, డిలన్, డోనవాన్ కలిసి రాశారు. శత్రువుల మధ్య జరిగే పని కాదు అది.

సుధ_న్యూజెర్సీ | పోస్ట్ 5

రమణ గారూ, ఈ చర్చలో నా ఓటు ఇంకో దానికి. అమెరికా జానపద గాయకుడు పీట్ సీగర్ నడిపిన టీవీ కార్యక్రమం 'రెయిన్‌బో క్వెస్ట్'. మా న్యూజెర్సీలోని నెవార్క్ నుంచి 47వ ఛానెల్‌లో వచ్చింది. అప్పట్లో ఆ ఛానెల్ రావాలంటే టీవీకి వేరే యాంటెన్నా కావాలి, కాబట్టి చూసినవాళ్లు తక్కువే. 1965, 66ల్లో 39 ఎపిసోడ్లు తీశారు. డబ్బు లేదు, సెట్ అంటే ఒక బల్ల, నాలుగు కుర్చీలు, ఒక కాఫీ కప్పు. స్టూడియోలో ప్రేక్షకులు కూడా లేరు. సీగర్‌ని రాజకీయ కారణాలతో పెద్ద టీవీ సంస్థలు ఏళ్ల తరబడి దూరంగా పెట్టాయి. అందుకే ఆయన ఈ చిన్న ఛానెల్‌కి వచ్చాడు. ఆయన భార్య తోషీ సీగరే దగ్గరుండి నడిపించింది.

డోనవాన్ వచ్చిన ఎపిసోడ్‌లో ఇంకా ఇద్దరున్నారు. ఒకరు రెవరెండ్ గ్యారీ డేవిస్, చూపు లేని నల్లజాతి గిటారు విద్వాంసుడు, హార్లెం వీధుల్లో పాడి బతికినవాడు. ఇంకొకరు షాన్ ఫిలిప్స్, ఆయన సితార్ పట్టుకుని కూర్చున్నాడు. ముగ్గురూ మూడు లోకాల నుంచి వచ్చినవాళ్లు. అక్కడ డోనవాన్ ముఖం చూడండి. గ్యారీ డేవిస్ వాయిస్తుంటే అతని వేళ్ల మీద నుంచి కళ్లు తిప్పడు. కుర్రాడు నేర్చుకుంటున్నాడు. ఆ తర్వాత తన వంతు వచ్చినప్పుడు తగ్గించుకోడు, పెంచుకోడు, తన గొంతులో తాను పాడతాడు.

నేను చెప్పాలనుకున్నది ఇదే. సవాయ్ హోటల్ గదిలో అందరూ ఎవరు గొప్ప అని చూస్తున్నారు. సీగర్ బల్ల దగ్గర అందరూ పాట వింటున్నారు. డోనవాన్ రెండు చోట్లా ఒకే మనిషి. మారింది చుట్టూ ఉన్న గది. రెండూ ఒకదాని తర్వాత ఒకటి చూస్తే ఇంకెవరూ "తేలిపోయాడు" అనరు. యూట్యూబులో వెతికితే దొరుకుతుంది, తప్పకుండా చూడండి.

చివరిబెంచి (గుంటూరు) | పోస్ట్ 6

నేను ఈయన్ని 'జోడియాక్' సినిమా వల్ల విన్నాను. డేవిడ్ ఫించర్ 2007లో తీసింది. మొదట్లోనే 1969 జూలై 4 రాత్రి కారులో హత్య జరిగేటప్పుడు 'హర్డీ గర్డీ మ్యాన్' వస్తుంది. వారం రోజులు నిద్ర పట్టలేదు. తర్వాత 'గుడ్‌ఫెల్లాస్'లో బిల్లీ బాట్స్‌ని కొట్టి చంపే సీన్లో 'అట్లాంటిస్' వస్తుందని తెలిసింది. ఈయన పాటలు అంటే భయం పుట్టించే పాటలనే అనుకునేవాడిని. ఇలాంటివి కూడా ఈ లిస్టులో పెట్టొచ్చా?

రేడియోరమణ | పోస్ట్ 7

తమ్ముడూ, పాట ఉన్నవి వేరే పెడదాం, మనిషి కనిపించినవి వేరే పెడదాం. నువ్వు చెప్పిన రెండూ మంచి ఉదాహరణలే. కానీ అవి స్కోర్సేసీ, ఫించర్ల గొప్పతనం. మెత్తటి పాటని హింస పక్కన పెడితే హింస ఇంకా భయంకరంగా మారుతుందని వాళ్లకి తెలుసు. 'హర్డీ గర్డీ మ్యాన్' అసలు రుషీకేశ్ రోజుల పాట. 1968లో మహర్షి మహేశ్ యోగి ఆశ్రమంలో బీటిల్స్‌తో పాటు డోనవాన్ కూడా ఉన్నాడు. ఆ పాటకి జార్జ్ హారిసన్ ఒక చరణం కూడా రాసిచ్చాడు, రికార్డులోకి మాత్రం రాలేదు. ధ్యానం చేస్తూ కట్టిన పాట హత్య సీన్లో వినిపించడం నాకు మనస్ఫూర్తిగా కష్టంగానే ఉంటుంది.

ఆ ఆశ్రమం రోజులు కూడా కెమెరాకి చిక్కాయి. ఇటలీ టీవీవాళ్లు వచ్చి తీశారు. గంగ ఒడ్డున అందరూ కలిసి పాడుతుంటే డోనవాన్ గిటారుతో కనిపిస్తాడు. జాన్ లెనన్‌కి వేళ్లతో తీగలు మీటే పద్ధతి నేర్పింది కూడా అక్కడే. 'డియర్ ప్రూడెన్స్', 'జూలియా' పాటల్లో ఆ గిటారు వినిపిస్తుంది. అంతకు ముందు ఏడాది 'ఎ డే ఇన్ ద లైఫ్' ఆర్కెస్ట్రా రికార్డింగ్ రాత్రి తీసిన ఫిల్ములో కూడా అతిథుల మధ్య ఉన్నాడు.

ఫిల్మ్‌డబ్బా | పోస్ట్ 8

పాటల వరసలో కెన్ లోచ్ 'పూర్ కౌ' మర్చిపోకూడదు. 1967, లోచ్ మొదటి సినిమా. సంగీతం డోనవాన్. క్రిస్టఫర్ లోగ్ కవితకి కట్టిన 'బీ నాట్ టూ హార్డ్' వింటే ఆ సినిమాలోని పేద తల్లి కథ మొత్తం అందులో ఉన్నట్టుంటుంది. అమెరికా జానపద గాయని జోన్ బయజ్ కూడా పాడింది. అందులో టెరెన్స్ స్టాంప్ గిటారు పట్టుకుని డోనవాన్ పాట 'కలర్స్' పాడతాడు. 1999లో స్టీవెన్ సోడర్‌బర్గ్ 'ద లైమీ' తీసినప్పుడు స్టాంప్ యవ్వనం చూపించడానికి 'పూర్ కౌ' ముక్కలనే వాడుకున్నాడు. ఆ పాట పాడే ముక్క కూడా అందులో ఉంది. అలా ఒకే ఫిల్ము, ఒకే పాట 32 ఏళ్ల తర్వాత ఇంకో సినిమాలో ఒక ముసలి దొంగ జ్ఞాపకం అయింది. ఎడిటర్‌గా నాకు ఇంతకంటే ఇష్టమైన వాడకం ఇంకొకటి లేదు.

జెఫిరెల్లి 'బ్రదర్ సన్, సిస్టర్ మూన్' కూడా ఉంది. అసీసీ సెయింట్ ఫ్రాన్సిస్ కథ, 1972. ఇంగ్లీషు వెర్షన్‌కి డోనవాన్ పాటలు. కానీ అప్పుడు ఆ పాటల ఆల్బమ్ రాలేదు. 2004లో మళ్లీ పాడి విడుదల చేశాడు.

బొమ్మరిల్లు_టీచర్ (రాజమండ్రి) | పోస్ట్ 9

ఇంతమంది ఇన్ని చెప్పారు కానీ డోనవాన్ నిజంగా నటించిన సినిమా గురించి ఎవరూ రాయలేదు. 'ద పైడ్ పైపర్', 1972. దర్శకుడు జాక్ డెమీ. ఫ్రాన్స్‌లో పాటల సినిమాలకి పేరు పడ్డవాడు, 'అంబ్రెల్లాస్ ఆఫ్ షెర్‌బుర్గ్' తీసినవాడు. ఎలుకలని, తర్వాత పిల్లలని పిల్లనగ్రోవితో తీసుకుపోయినవాడి కథ మనకి ఇంగ్లీషు వాచకాల్లో, పిల్లల పుస్తకాల్లో వచ్చిందే. నేను చాలాసార్లు పాఠం చెప్పాను. ఆ పైపర్ వేషం డోనవాన్‌ది. సంగీతమూ అతనిదే.

పేరు చూసి పిల్లల సినిమా అనుకోకండి. కథని 1349కి, ప్లేగు ఊళ్లకి ఊళ్లని తుడిచేస్తున్న కాలానికి తెచ్చారు. ఊరి మేయరు, జమీందారు, చర్చి పెద్దలు అందరూ డబ్బు వెంటే. జమీందారుకి పెద్ద చర్చి కట్టాలని పట్టు. అతని కొడుకుగా జాన్ హర్ట్. పెళ్లి కట్నం కోసం, పిల్లల్ని సైన్యంలోకి లాగడం కోసం చూసే మనిషి. ప్లేగు ఎలా వస్తుందో శాస్త్రంగా ఆలోచించే ఒక్క మనిషి మెలియస్ అనే యూదు పండితుడు, మైకేల్ హోర్డెర్న్ వేశాడు. అతన్ని మంట మీద కాలుస్తారు. అదే సమయంలో పైపర్ పిల్లల్ని ఊరి బయటికి తీసుకువెళ్తాడు. పెళ్లిలో చర్చి ఆకారంలో చేసిన కేకులోంచి ఎలుకలు బయటికి వస్తాయి. ఆ ఒక్క షాట్‌లో దర్శకుడు చెప్పాల్సింది చెప్పేశాడు.

డోనవాన్ తెర మీద ఉండేది తక్కువ సేపే. చాలామంది విమర్శకులు నటన తెలియదన్నారు. నాకు మాత్రం అది సరైన పద్ధతి అనిపించింది. ఊళ్లోవాళ్లు అందరూ అరుస్తారు, బేరాలాడతారు, ఏడుస్తారు. పైపర్ ఒక్కడే నెమ్మదిగా ఉంటాడు. కోపం కూడా చూపించడు. ఇస్తామన్న సొమ్ము ఇవ్వకపోతే మాట అనకుండా వెళ్లిపోతాడు. ఆ నెమ్మది నటన రాకపోవడం వల్ల వచ్చింది కాదు. పాడేవాడికి పాట తప్ప ఇంకేదీ అక్కర్లేదు అన్న నిశ్చయం అది.

ఇప్పుడు అసలు నేను చెప్పాలనుకున్న మాట. ఆ కథలో కుంటి పిల్లవాడు ఒకడు ఉంటాడు గుర్తుందా? బ్రౌనింగ్ 1842లో రాసిన పద్యంలో పిల్లలందరూ కొండలోకి వెళ్లిపోతే వాడు మాత్రం నడవలేక వెనకబడిపోతాడు. సినిమాలో ఆ పాత్ర జాక్ వైల్డ్ వేశాడు, మెలియస్ దగ్గర పని నేర్చుకునే కుర్రాడు. డోనవాన్‌కి చిన్నప్పుడు పోలియో వచ్చింది. కాలు దెబ్బతింది, నడకలో కుంటు మిగిలింది. అంటే గ్లాస్గో వీధుల్లో తోటి పిల్లల వెనక పడిపోయిన పిల్లవాడు ఈ సినిమాలో పిల్లలందరినీ ముందుండి నడిపించే మనిషి అయ్యాడు. వెనక మిగిలిపోయిన ఆ కుర్రాడి వైపు ఒకసారి చూడండి, పైపర్ వైపు ఒకసారి చూడండి. ఇద్దరిలోనూ అతనే ఉన్నాడని నాకు గట్టిగా అనిపిస్తుంది.

ఓరుగల్లు_పాట | పోస్ట్ 10

టీచర్ గారూ, మీ పోస్టు చదివాక రాత్రి సినిమా పెట్టుకుని చూశాను. జాక్ వైల్డ్ కర్ర పట్టుకుని పిల్లల వెనక పరుగు లాంటి నడక నడుస్తుంటే గుండె పట్టేసింది. మీరు చెప్పకపోయి ఉంటే పోలియో సంగతి నాకు తెలిసేది కాదు.

జానపద పాటగాళ్లని సినిమాలో ఎలా పెట్టాలన్నదాని మీద నాకు పట్టింపు ఉంది. 'మా భూమి'లో గద్దర్ గొంగడి కప్పుకుని 'బండెనక బండి కట్టి' పాడితే ఆయన్ని ఎవరూ నటుడు అనుకోలేదు. పాడేవాడు పాడేవాడిగానే కథలో ఉన్నాడు. గౌతమ్ ఘోష్ కెమెరా కూడా ఆయన్ని అలాగే చూసింది. డెమీ కూడా డోనవాన్‌ని హీరోని చేయలేదు. కథ అంతా వేరేవాళ్లది, పాట మాత్రం ఇతనిది. అది నాకు నచ్చింది. సినిమాలో బాధ పెట్టింది ఒకటే, ఇంకో రెండు పాటలు పెట్టాల్సింది.

ఫిల్మ్‌డబ్బా | పోస్ట్ 11

పైడ్ పైపర్ గురించి టెక్నికల్‌గా కొంచెం. కెమెరా పీటర్ సుషిట్స్కీ, తర్వాత 'ఎంపైర్ స్ట్రైక్స్ బ్యాక్'కి కెమెరా పట్టింది ఆయనే. జర్మనీలో రోతెన్‌బుర్గ్ అనే పాత కోట ఊళ్లో తీశారు. నిర్మాతల్లో డేవిడ్ పట్నమ్ ఒకరు, ఆ తర్వాత 'చారియట్స్ ఆఫ్ ఫైర్'కి ఆస్కార్ అందుకున్నాడు. రంగులు గమనించండి. డెమీ పాత సినిమాల్లో గోడలు కూడా గులాబీ రంగులో ఉంటాయి. ఇందులో అంతా మట్టి, బూడిద, ఎండిన గడ్డి రంగు. పైపర్ బట్టల మీద మాత్రమే కొంచెం రంగు మిగులుతుంది. ఆ రంగు మిగతా ఊరికి చెందినది కాదని ఒక్క చూపులో తెలిసిపోతుంది.

డెమీ అంతకు ముందు దాదాపు అన్ని సినిమాలూ సంగీత దర్శకుడు మిషెల్ లెగ్రాన్‌తో చేశాడు. లెగ్రాన్ సంగీతంలో సినిమా మొత్తం పాడుతుంది. ఇక్కడ ఊరు పాడదు, ఒక్కడే పాడతాడు. దర్శకుడు తన అలవాటు పక్కన పెట్టి ఒక జానపద గాయకుడి చిన్న గిటారు మీద నమ్మకం పెట్టుకున్నాడు. పోస్ట్ 2లో నేను ఎడిటింగ్ టేబుల్ గురించి చెప్పాను. ఇక్కడ ఆ టేబుల్ డోనవాన్ పక్కన నిలబడింది.

చివరిబెంచి | పోస్ట్ 12

టీచర్ గారూ, మా చెల్లి కూతురికి ఎనిమిదేళ్లు. ఈ సినిమా చూపించొచ్చా?

బొమ్మరిల్లు_టీచర్ | పోస్ట్ 13

వద్దు బాబూ. మనిషిని కాల్చే సీన్ ఉంది, ప్లేగు చావులు ఉన్నాయి. పన్నెండు, పదమూడు దాటాక పక్కన కూర్చుని చూపించు. ఇప్పటికి పాపకి పాటలు వినిపించు. డోనవాన్ 1971లో 'హెచ్ఎంఎస్ డోనవాన్' అని డబుల్ ఆల్బమ్ చేశాడు. లూయిస్ కారోల్, యేట్స్ లాంటివాళ్ల కవితలకి బాణీలు కట్టాడు. చాలా పాటలు పిల్లల కోసమే. పైపర్ వేషానికి పిలుపు వచ్చే కాలానికి అతను ఆల్రెడీ పిల్లల పాటగాడు అన్నమాట.

సుధ_న్యూజెర్సీ | పోస్ట్ 14

ఆ ఆల్బమ్‌లోని ఒక పాట తెర మీద ముందే వచ్చింది! 'లార్డ్ ఆఫ్ ద రీడీ రివర్'. 1969లో 'ఇఫ్ ఇట్స్ ట్యూస్‌డే, దిస్ మస్ట్ బి బెల్జియం' అని అమెరికా టూరిస్టులు బస్సులో యూరప్ తిరిగే కామెడీ వచ్చింది. అందులో కుర్రకారు బస చేసే హాస్టల్లో డోనవాన్ కూర్చుని ఈ పాట పాడతాడు. హంసని ప్రేమించిన అమ్మాయి పాట. అప్పటి దాకా బస్సు, లగేజీ, జోకులతో పరుగెత్తిన సినిమా ఆ పాట కోసం ఆగుతుంది. అతని మీద పెద్దగా కట్స్ కూడా లేవు. అక్కడ డోనవాన్‌కి సినిమాలో పేరు కూడా అక్కర్లేదు, కథలో పనీ లేదు. పాడతాడు, అంతే. తర్వాత 1981లో కేట్ బుష్ ఇదే పాట మళ్లీ పాడింది.

సినిమా మొత్తం చూడక్కర్లేదు, ఆ సీన్ చూస్తే చాలు.

రేడియోరమణ | పోస్ట్ 15

సుధ గారూ, ధన్యవాదాలు, అది నా లిస్టులో లేదు.

ఒక బాధ కూడా చెప్పుకోవాలి. మొదటి పోస్టులో చెప్పిన 'రెడీ స్టెడీ గో!' ఎపిసోడ్లలో ఎక్కువ భాగం ఇప్పుడు లేవు. ఆ రోజుల్లో వీడియో టేపులు ఖరీదు, ఒక ప్రోగ్రాం ప్రసారమయ్యాక దాని మీద ఇంకోటి రికార్డు చేసేవాళ్లు. బ్రిటన్‌లో ఎన్నో కార్యక్రమాలు అలాగే పోయాయి. డోనవాన్‌ని దేశానికి పరిచయం చేసిన వారాలు అలా చెరిగిపోతే, డిలన్ గదిలోని రాత్రి ఫిల్ము మీద భద్రంగా ఉండిపోయింది. 1998లో అమెరికా జాతీయ ఫిల్ము రిజిస్ట్రీలోకి కూడా ఎక్కింది. ఒకదాన్ని లక్షలమంది మళ్లీ మళ్లీ చూస్తారు, ఇంకోదాన్ని చూడటానికే లేదు. అందరి నోటా ఒకే మాట రావడానికి ఇది పెద్ద కారణం. భద్రపరచిన ముక్కే చరిత్ర అయిపోతోంది.

1966 జనవరిలో 'ఎ బాయ్ కాల్డ్ డోనవాన్' అని టీవీ డాక్యుమెంటరీ కూడా వచ్చింది. స్నేహితుడు జిప్సీ డేవ్‌తో తిరిగిన జీవితం, బీట్నిక్ కుర్రాళ్ల పార్టీ అన్నీ చూపించారు. ఆ పార్టీ సీన్ అతనికి చేటు తెచ్చింది. మత్తు వాడకం కుర్రకారులో ఉందని పేపర్లు గగ్గోలు పెట్టాయి. అదే ఏడాది గంజాయి కేసులో పోలీసులు అతన్ని పట్టుకున్నారు. బ్రిటన్ పాప్ తారల్లో అలా పట్టుబడ్డ మొదటి పెద్ద పేరు అతనిదే. కెమెరాని నమ్మి ఇంట్లోకి రానిచ్చిన పందొమ్మిదేళ్ల కుర్రాడికి అంత శిక్ష పడాల్సింది కాదు.

ఓరుగల్లు_పాట | పోస్ట్ 16

రమణన్నా, నువ్వు "భద్రపరచిన ముక్కే చరిత్ర" అన్నావు కదా, దానికి నాదో చేర్పు. 1965 న్యూపోర్ట్ జానపద ఉత్సవానికి కూడా డోనవాన్ వెళ్లాడు. డిలన్ ఎలక్ట్రిక్ గిటారు పట్టుకుని గొడవ లేపిన ఏడాదే. మర్రీ లెర్నర్ ఆ ఉత్సవాల మీద తీసిన 'ఫెస్టివల్', 1967, అందులో డోనవాన్ కూడా ఉంటాడు. సవాయ్ హోటల్ తర్వాత రెండు నెలలకే. ఓడిపోయినవాడైతే అంత పెద్ద వేదిక మీదికి ఎవరు పిలుస్తారు? జోన్ బయజ్ లాంటివాళ్లు అతన్ని తమవాడిగానే చూశారు.

ఫిల్మ్‌డబ్బా | పోస్ట్ 17

వయసు మళ్లాక వచ్చినవి కూడా రెండు మాటల్లో. 2008లో 'సన్‌షైన్ సూపర్‌మ్యాన్: ద జర్నీ ఆఫ్ డోనవాన్' అని పూర్తి నిడివి డాక్యుమెంటరీ వచ్చింది. తన కథ తానే చెప్పుకుంటాడు. కొంచెం పొడుగు, కానీ పాత ఫుటేజీ కోసం చూడాలి. డేవిడ్ లించ్‌తో స్నేహం ధ్యానం వల్ల కుదిరింది. 2021లో డోనవాన్ 75వ పుట్టినరోజుకి 'ఐ యామ్ ద షామన్' పాట వీడియోని లించ్ స్వయంగా తీశాడు. బ్లాక్ అండ్ వైట్. పెన్నెబేకర్ కూడా బ్లాక్ అండ్ వైట్‌లోనే తీశాడు కానీ ఇక్కడ గదిలో పోటీ లేదు. ముసలివాడైన గాయకుడు, కెమెరా వెనక స్నేహితుడు.

పిల్లలు కూడా సినిమాల్లోకే వెళ్లారు. కూతురు అయోన్ స్కై 1989లో 'సే ఎనీథింగ్' హీరోయిన్. కొడుకు డోనవాన్ లీచ్ జూనియర్ కూడా నటుడే.

నిర్వాహకులు | పోస్ట్ 18

చర్చ చాలా బాగా నడుస్తోంది. పైరసీ లింకులు మాత్రం పెట్టకండి, నిన్న రెండు తీసేయాల్సి వచ్చింది. రమణ గారూ, కొత్తగా వచ్చేవాళ్ల కోసం ఏది ముందు చూడాలో మీరు ఒక పోస్టులో రాస్తే దాన్ని పైన పిన్ చేస్తాం.

రేడియోరమణ | పోస్ట్ 19

తప్పకుండా. నా సలహా ఇది, ఎవరైనా మార్చుకోవచ్చు.

'డోంట్ లుక్ బ్యాక్'తో మొదలుపెట్టకండి. ముందు సుధ గారు చెప్పిన 'రెయిన్‌బో క్వెస్ట్' ఎపిసోడ్ మొత్తం చూడండి, గ్యారీ డేవిస్ భాగం దాటేయకుండా. తర్వాత బెల్జియం సినిమాలోని ఆ ఒక్క పాట. ఆ తర్వాత 'ద పైడ్ పైపర్', టీచర్ గారి పోస్ట్ 9 చదివి. అప్పుడు సవాయ్ హోటల్ గదికి వెళ్లండి. డిలన్ నవ్వుల మీద కాకుండా డోనవాన్ వేళ్ల మీద దృష్టి పెట్టండి. పాటలనే ఇష్టపడేవాళ్లు 'పూర్ కౌ' చూసి, వెంటనే 'ద లైమీ' చూడండి.

చివరిబెంచి | పోస్ట్ 20

ఈ వరసలోనే చూశాను, నాలుగు రాత్రులు పట్టింది. హోటల్ సీన్లో డోనవాన్ పాడుతుంటే చుట్టుపక్కల కూర్చున్నవాళ్లు నిజంగా వింటున్నారు, అది ఇదివరకు చూసినప్పుడు నేను పట్టించుకోలేదు. రమణ గారూ, 'బ్రదర్ సన్, సిస్టర్ మూన్' ఇంగ్లీషు వెర్షన్ డీవీడీ ఎవరి దగ్గరైనా ఉందా? హైదరాబాద్ వస్తే ఫిల్మ్‌డబ్బా అన్న దగ్గర తీసుకుంటాను.

ఫిల్మ్‌డబ్బా | పోస్ట్ 21

ఉంది తమ్ముడూ. ఆదివారం రా, 'ఫెస్టివల్' కూడా పెట్టుకుని చూద్దాం.